అత్తగారు కొన్న లెహంగా, చిన్నమ్మ చేతిలో కత్తెర

ప్రశ్న:

తిరుపతి నుంచి ఒక అమ్మాయి రాసిన ఉత్తరం ఇది. పేరు, వీధి వేయొద్దంది. ఆరు పేజీల ఉత్తరాన్ని కుదించి ఇస్తున్నాను.

వయసు 27, బ్యాంకులో ఉద్యోగం. పెళ్లి తిరుచానూరులో. ఉత్తరం రాసేనాటికి ఇంకా 24 రోజులుంది. మన పక్క అలవాటు ప్రకారం ముందురోజు సాయంత్రం రిసెప్షన్, తెల్లవారితే ముహూర్తం. రిసెప్షన్‌కి వేసుకునే లెహంగాను కాబోయే అత్తగారు చెన్నైకి వెంటబెట్టుకుని పోయి, ఒక డిజైనర్ దగ్గర కొనిపెట్టారు. మెరూన్ రంగు రా సిల్కు, జాకెట్టు నిండా జర్దోసీ, అంటే జరీ తీగతో, పూసలతో చేసే చేతి కుట్టుపని. ధర 92,000 రూపాయలు, బిల్లు అత్తగారే కట్టారు. అక్కడ పనిచేసే అమ్మాయి చుడీదార్ మీదనే 5 నిమిషాల్లో కొలతలు రాసుకుంది. 2 నెలల తర్వాత కొరియర్‌లో వచ్చింది. వేసి చూస్తే జాకెట్టు వెనక హుక్కులు కలవడం లేదు, మధ్యలో 2 అంగుళాలు ఎడం. లంగా నేల మీద 2 అంగుళాలు జీరాడుతోంది. ఫోన్ చేస్తే, "మా చీటీలో కొలతలు కరెక్టే, మీరే లావయ్యుంటారు. పంపండి, 20 రోజులు పడుతుంది, 6,000 అవుతుంది" అన్నారట.

అమ్మేమో, "అత్తగారింట్లో తెలియనియ్యద్దు, పెళ్లికి ముందే లావైందనుకుంటారు. గుట్టుగా చిన్నమ్మకిచ్చేద్దాం" అంటోంది. చిన్నమ్మ కొర్లగుంటలో ఇంట్లోనే మిషన్ పెట్టుకుని కుడుతుంది. చిన్నాన్న పోయిన తర్వాత ఆమె బతుకంతా ఆ మిషనే. చిన్నప్పటి నుంచి ఈ అమ్మాయి బట్టలన్నీ ఆమే కుట్టింది. "ఒక్క పూట పని పాపా, నాకియ్యి" అని కత్తెర సాన కూడా పట్టించుకుంది. అక్కడ అత్తగారు రోజూ "వేసుకుని ఫోటో పంపమ్మా" అంటున్నారు. "కొరియర్ ఇంకా రాలేదత్తయ్యా" అని ఇప్పటికి మూడుసార్లు అబద్ధం చెప్పింది. పెళ్లికొడుక్కి మాత్రం నిజం తెలుసు. వారం నుంచి రాత్రిపూట అన్నం మానేసి ఒక గ్లాసు రాగిజావతో పడుకుంటోంది. మొన్న కౌంటర్లో కూర్చుని ఉండగానే కళ్లు తిరిగాయి.

"అక్కా, ఇంత చిన్నదానికి ఏడుస్తారా అంటున్నారు. చిన్నమ్మకిస్తే పాడవుతుందేమోనని భయం. ఇవ్వకపోతే ఆమె మనసు కష్టపడుతుంది. అత్తయ్యకు చెప్పాలంటే నోరు రావడం లేదు. ఏం చెయ్యను?" అని అడుగుతోంది.

జవాబు:

అక్కా అని పిలిచావు కాబట్టి నువ్వు అనే అంటాను చెల్లీ. ఉత్తరం అందిన రోజే ఈ జవాబు నీకు విడిగా పంపించాను. నీలాంటి ఇబ్బందిలో ఇంకొందరు ఉంటారని ఇక్కడ వేస్తున్నాను.

ఇది చిన్న విషయమని నేననను. అంత ఖరీదైన బట్ట, ముగ్గురు పెద్దవాళ్ల ప్రేమ, నీ ఒంటి గురించి ముక్కూముఖం తెలియనివాళ్లు అన్న మాట, అన్నీ కలిసి ఆ 2 అంగుళాల దగ్గర చిక్కుపడ్డాయి. ఏడుపు రాకుండా ఎట్లా ఉంటుంది?

అయితే ముందు అన్నం సంగతి. పస్తులుంటే ఒళ్లు ఎక్కడ తగ్గుతుందో ఎవరి చేతిలోనూ ఉండదు. ముఖం పీక్కుపోవచ్చు, చేతులు సన్నబడొచ్చు, జాకెట్టుకు కావలసిన చోట మాత్రం అట్లాగే ఉండిపోవచ్చు. పక్కటెముకల చుట్టుకొలత ఉపవాసంతో తగ్గేది కాదు. రిసెప్షన్ రాత్రి మూడు నాలుగు గంటలు నిలబడాలి. రెండు మూడు గంటలు కూడా నిద్రపోకుండానే లేచి మంగళస్నానం, ఆ తర్వాత పీటలు. తాళి కట్టించుకునేదాకా ఎట్లాగూ ఏమీ తిననివ్వరు. ఇప్పుడే కౌంటర్లో కళ్లు తిరుగుతున్నాయంటే ఆ రోజుకి ఎట్లా ఉంటావు? జాకెట్టు సంగతి ఎటు తేలినా సరే, ఈ పస్తులు మాత్రం ఈ పూటతో ఆపెయ్యి. ఈ ఉత్తరంలో నేను కచ్చితంగా చెప్పే మాట ఇదొక్కటే, మిగతావన్నీ నీ ఇష్టం.

"మీరే లావయ్యుంటారు" అన్న మాటను నువ్వు అట్లాగే నమ్మేశావు. ఒకసారి లెక్క చూద్దాం. చుడీదార్ మీద టేపు పెడితే ఆ గుడ్డ మందం కూడా కలిసి కొలత ఎక్కువే వస్తుంది. అంటే జాకెట్టు వదులుగా రావాలి. బిగుతుగా వచ్చిందంటే కారణం ఇంకెక్కడో ఉండొచ్చు. చిత్తూరులో మా అమ్మ మిషన్ పక్కన కూర్చుని ఏళ్ల తరబడి హుక్కులూ కాజాలూ కుట్టినదాన్ని కాబట్టి చెబుతున్నాను. గుడ్డ మీద జర్దోసీ నిండుగా వేస్తే ఆ కుట్లకు గుడ్డ లోపలికి లాక్కుని కాస్త కురచవుతుంది. అది బిగిసిపోయి, మామూలు గుడ్డలాగా ఒంటికి సాగదు. దానికి లోపల లైనింగ్, రెండింటికీ నడుమ ఛాతీ దగ్గర పెట్టే మెత్తటి కప్పులు. ఇవన్నీ లోపలి జాగాను తినేస్తాయి. మామూలు జాకెట్టుకు కత్తిరించినట్టు కత్తిరించి, ఈ మందానికి వేరుగా వదలకపోతే ఇట్లాగే పట్టేస్తుంది.

తేల్చుకోవడం కష్టం కాదు. ఆ కొలతల చీటీ ఫోటో తీసి పంపమను. జాకెట్టుకు హుక్కులు పెట్టి మంచం మీద పరిచి, ఒక చంక కింద నుంచి ఇంకో చంక కిందికి టేపు పెట్టి, వచ్చినదాన్ని రెండింతలు చెయ్యి. రిసెప్షన్ రోజు లోపల ఏం వేసుకుంటావో అవే వేసుకుని నీ ఛాతీ కొలత తీయించుకో. చీటీలో 36 ఉండి జాకెట్టు 34 ఉంటే పొరపాటు కత్తిరించినవాళ్లది. చీటీలోనే 34 ఉంటే కొలత తీసినవాళ్లది, లేదా ఈ 2 నెలల్లో నీ ఒళ్లు మారింది. మారితే మారింది, అందులో తలదించుకోవలసిందేమీ లేదు. ఆ 6,000 ఎవరు పెట్టుకోవాలో మాట్లాడేటప్పుడు మాత్రం ఈ లెక్క చేతిలో ఉండాలి.

ఇక అత్తగారి మాట. మీ అమ్మ భయం నాకు అర్థమవుతుంది. ఆడపిల్లను ఇచ్చే ఇంట్లో ఒక్క మాట పడకూడదని ఆమె తాపత్రయం. అయినా, ఇది దాచితే ఏమవుతుందో చూడు. ఆ లెహంగాను వరసగా తీయించి, ఒంటి మీద వేసి చూసి, బేరమాడి కొన్న మనిషి మీ అత్తగారు. జాకెట్టు వెనక వైపు కాస్త మారినా హాల్లో అందరికంటే ముందు ఆమె కళ్లకే కనబడుతుంది. అప్పుడు ఆమెకు బాధ కలిగించేది కుట్టు కాదు, కొరియర్ రాలేదని నువ్వు చెప్పిన మాట. పైగా అబ్బాయికి తెలుసంటున్నావు. కాపురం మొదలుకాకముందే అతను నీ కోసం తల్లి దగ్గర ఒకటి దాచాల్సి వస్తోంది. రేపు ఆమెకు తెలిస్తే అతనికీ సంజాయిషీ తప్పదు.

చెప్తే ఏమవుతుంది? ఆమె ఒక పూట నొచ్చుకోవచ్చు. "మా దగ్గర దాచావా" అనొచ్చు. అది ఫోన్లో అయిపోయే మాట. ఇంకో సంగతి నీకు తట్టినట్టు లేదు. బిల్లు ఆమె పేరు మీద ఉంది. నువ్వు ఫోన్ చేస్తే 20 రోజులన్నవాళ్లు, డబ్బు కట్టిన మనిషి అడిగితే వారంలో చేసిస్తామనొచ్చు. ఆమెకు చెప్పకపోవడం వల్ల నీ వైపు గట్టిగా మాట్లాడగలిగిన ఒకే ఒక్క మనిషిని నువ్వే దూరం పెట్టుకున్నావు.

నేనైతే ఇట్లా అంటాను: "అత్తయ్యా, లెహంగా ఎప్పుడో వచ్చేసింది. జాకెట్టు పట్టలేదు. మీరు అంత ఇష్టపడి కొన్నారే, ఎట్లా చెప్పాలో తెలియక కొరియర్ రాలేదని చెప్పేశాను. తప్పే. ఇప్పుడేం చేద్దామో మీరూ చెప్పండి." సాకులేవీ కలపొద్దు. అమ్మ వద్దందనీ అనొద్దు, అది అమ్మను ఇరికించడమవుతుంది. ఒకవేళ ఆమె "ఇక్కడివాళ్ల చెయ్యి పడనియ్యద్దు, చెన్నైకే పంపు" అని పట్టుబడితే కాదనొద్దు, దానికొక తేదీ కట్టు. "పెళ్లికి 8 రోజుల ముందుకల్లా చేతికి రాకపోతే ఇక్కడే చూసుకుంటాం అత్తయ్యా" అని ఇప్పుడే ఒప్పించుకో.

బట్ట దగ్గరికి వస్తాను. పట్టుచీరకు ఈ బాధ లేదు చూడు, అవ్వ చీర మనవరాలు కట్టుకుంటుంది. కొలతకు కుట్టినదానికే ఈ తిప్పలన్నీ. నీ జాకెట్టు ఏమవుతుందో తేల్చేది చిన్నమ్మా కాదు, చెన్నైవాళ్లూ కాదు. పక్క కుట్టు దగ్గర లోపల వదిలిన గుడ్డ తేలుస్తుంది. దాన్నే టైలర్లు మార్జిన్ అంటారు. లైనింగ్ కింది అంచు దగ్గర ఒక నాలుగు అంగుళాలు కుట్టు విప్పి చూస్తే కనబడుతుంది. కత్తెర అక్కర్లేదు, కుట్టు విప్పే చిన్న పరికరం చాలు. అది కూడా ముట్టుకునే ముందు జాకెట్టు వేసుకుని వెనక ఎడం మీద టేపు పెట్టి ఫోటోలు తీయించి ఉంచు. ఒకసారి వేరే చెయ్యి పడ్డాక "మీవాళ్లే పాడుచేశారు" అనడానికి వాళ్లకు వీలు దొరుకుతుంది.

మార్జిన్ ఒక్కో వైపు అంగుళం ఉంటే నీ అదృష్టం. జాకెట్టుకు రెండు పక్కలు, ఒక్కో పక్కన ముందు ముక్క, వెనక ముక్క. నాలుగు చోట్ల అర అంగుళం చొప్పున వదిలినా 2 అంగుళాలు వచ్చేస్తుంది. ఇందులో నువ్వు ముందే తెలుసుకోవలసినవి రెండున్నాయి. పాత కుట్టు ఉన్నచోట రా సిల్కు మీద సూది రంధ్రాల గీత కనబడుతుంది, పూర్తిగా పోదు. బయటికి వచ్చిన ఆ అర అంగుళం మీద జర్దోసీ ఉండదు. రెండూ చంక కిందే కాబట్టి చెయ్యి దించితే మరుగైపోతాయి. కావాలంటే మగ్గం పనివాళ్లతో అక్కడ నాలుగు పూసలు కుట్టించుకోవచ్చు. ఇంకొకటి కూడా చూసుకో. కప్పులు సరైన చోట కూర్చున్నాయా? అవే పక్కకు జరిగి ఉంటే పక్క కుట్లు ఎంత వదిలినా జాకెట్టు సరిగ్గా కూర్చోదు. కప్పులు విప్పి మళ్లీ అమర్చాలి, లేదా తీసేయాలి. చాలాసార్లు కప్పులు తీసేస్తేనే బిగువు సగం తగ్గుతుంది.

మార్జిన్ లేదనుకో. అప్పుడు రెండు దారులు. ఒకటి, చంక కింద నుంచి నడుము దాకా సన్నటి ముక్క వేయడం. లెహంగా లోపలి మడతలోనో, దుపట్టా చివరో అదే గుడ్డ దొరికితే రంగు కలుస్తుంది. బయట గుడ్డ కొంటే గాంధీ రోడ్డంతా తిరిగినా మెరూన్‌లో మెరూన్ కలవడం కష్టం, ఎండలో చూసి కొను. రెండోది, ఆ ఎడాన్ని ఎడంగానే ఉంచెయ్యడం. హుక్కులు తీసేసి, రెండు వైపులా చిన్న ఉంగరాల్లాగా గుడ్డ కుట్టి, డోరీతో, అంటే సన్నటి తాడుతో, అల్లి కట్టుకోవడం, లోపల అదే రంగు పట్టీ ఒకటి. ఇది నాకు ఎక్కువ నచ్చుతుంది. జర్దోసీని ఎక్కడా కోయనక్కర్లేదు, ఆ రోజు ఒళ్లు కాస్త అటూఇటూ అయినా డోరీ సర్దుకుంటుంది. వెనక మొత్తం మారిపోతుంది కాబట్టి అత్తగారికి ముందే చెప్పి ఉండాలి, అంతే.

మూడో దారి కూడా ఉంది, కాస్త ఖర్చు. ఈ జాకెట్టును దాచిపెట్టి, లెహంగాకు తగిన రంగులో కొత్తది కుట్టించడం. చేతులకు మాత్రం మగ్గం పని. మన ఊళ్లో చేసేవాళ్లకు కొదవ లేదు కానీ పెళ్లిళ్ల రోజుల్లో వాళ్ల చేతిలో అప్పటికే పది పెళ్లిళ్ల జాకెట్లుంటాయి. తేదీ ముందే మాట్లాడుకోవాలి. 92,000లో సగం అందం ఆ జాకెట్టులోనే ఉంది కదా అని నీకు అనిపించొచ్చు, నిజమే. అందుకే దీన్ని చివరికి పెట్టాను.

చెన్నైకి పంపడం గురించి: కొరియర్‌లో మాత్రం వద్దు. 24 రోజుల్లో 20 వాళ్ల దగ్గరే పోతే, తిరిగి వచ్చాక పట్టకపోతే ఇక చేసేదేం ఉండదు. వాళ్ల దగ్గరే చేయించాలనుకుంటే నువ్వే పో. సుమారు 140 కిలోమీటర్లు, పొద్దున రైలెక్కితే రాత్రికి ఇంటికొస్తావు. అత్తగారిని కూడా రమ్మను. ముందే ఫోన్ చేసి, కత్తిరించిన మాస్టరు ఉండే రోజు అడిగి, అక్కడే వేసుకుని, వాళ్ల ఎదుటే గుర్తులు పెట్టించి, ఎప్పుడిస్తారో రాతలో తీసుకో. వాళ్ల దగ్గర అదే గుడ్డ మిగిలి ఉండొచ్చు, ఆ జర్దోసీ వేసిన పనివాడే ఉండొచ్చు. ఆ సౌలభ్యం ఇక్కడెవరికీ లేదు. దానికి బదులు నీ రోజులు వాళ్ల చేతిలో పెట్టాలి.

డబ్బు గొడవ ఇప్పుడు పెట్టుకోవద్దు. బిల్లు, చీటీ ఫోటో, వాట్సాప్ మాటలు దాచి ఉంచండి. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం కొన్నవాళ్లు తాముండే జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే ఫిర్యాదు ఇవ్వొచ్చు, చెన్నైకి తిరగనక్కర్లేదు. గడువు 2 సంవత్సరాలు, 5 లక్షల లోపు వాటికి ఫీజు లేదు. ముందుగా వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 నంబరుకు ఫోన్ చేసి కూడా చెప్పుకోవచ్చు. పెళ్లి అయ్యాక తీరిగ్గా ఆలోచించుకోండి.

లంగా సంగతి సులభం. జీరాడుతోందని రాశావు గానీ, లోపల కాన్‌కాన్, అంటే బిరుసు నెట్ లోలంగా, వేసుకుని, చెప్పులు తొడుక్కుని చూశావా? కాన్‌కాన్ లంగాను పైకి ఎత్తి పట్టుకుంటుంది. 2 అంగుళాలు అర అంగుళం కావొచ్చు. అప్పటికీ పొడవుంటే కింద అంచు ముట్టుకోనియ్యొద్దు, పనంతా అక్కడే ఉంటుంది. నడుము పట్టీ విప్పి పైనుంచి తగ్గించాలి. లంగాలో పక్కపక్కన కలిపి కుట్టిన నిలువు ముక్కలు, అంటే కలీలు, పైకి పోయేకొద్దీ సన్నమవుతాయి కాబట్టి పైన కోసేస్తే నడుము వెడల్పు పెరుగుతుంది, ఆ పెరిగింది కలీల కుట్లలో కొంచెం కొంచెంగా పట్టాలి. పట్టీ అట్లాగే తిరిగి వేసేస్తే ముడతలు తేలతాయి. ఎవరికిచ్చినా ఈ మాట అడుగు. వాళ్ల జవాబులోనే పని తెలుసో లేదో నీకు అర్థమవుతుంది.

ఇప్పుడు చిన్నమ్మ. నీ ఉత్తరంలో నన్ను ఎక్కువ కదిలించింది ఆ సాన పట్టించుకున్న కత్తెర. ఆ పెళ్లిలో ఆమెకంటూ ఒక చోటు కావాలి. భర్త లేని మనిషి, ముత్తయిదువలతో చేయించే పనుల్లో ఆమెను ఎవరూ ముందుకు పిలవరు. మన ఇళ్లలో ఇది ఇంకా ఉంది, నాకు చాలా బాధ. ఆమె నీకు ఇవ్వగలిగింది చేతిపని, అందుకే "నాకియ్యి" అంటోంది. పని వద్దనడం ఆమెకు మనిషినే వద్దన్నట్టు వినిపిస్తుంది.

అట్లాగని మొహమాటపడి జర్దోసీ ఆమె చేతిలో పెట్టేయడం ఆమెకూ మంచిది కాదు. పూసలూ జరీ తీగా ఉన్నచోట మిషన్ నడిపితే సూది విరుగుతుంది, ఒక్క దారం తెగితే పక్క పూసలు వరసగా జారిపోతాయి. ముందు కుట్టు దారిలో ఉన్న పూసలు తీసి, తెగిన కొసలు వెనక ముడివేసి, ఆ తర్వాత కుట్టాలి. అక్కడ ఏదైనా పొరపాటు జరిగితే జీవితాంతం ఆ మాట మోసేది ఆమే. కాబట్టి సూటిగా అడుగు: "చిన్నమ్మా, ఇట్లాంటి పని మీద ముందు ఎప్పుడైనా చెయ్యి పెట్టినావా?" కుట్టేవాళ్లు తమ పని దగ్గర అబద్ధం చెప్పరు. చేశానంటే, ఏదైనా పాత జర్దోసీ ముక్క మీద కుట్టి చూపమను. లేదంటే, మగ్గం పని తెలిసిన మాస్టరు దగ్గరికి ఆమెనే తోడు తీసుకుపో. మార్జిన్ ఎంతుందో, వాళ్లు చెప్పేది సబబో కాదో నీకంటే ఆమెకే తెలుస్తుంది. పూసలు వాళ్లు తీస్తారు. లైనింగ్, హుక్కులు, చివరి హెమ్మింగ్ ఆమె చేతి మీదుగా కావొచ్చు.

ఇంకో మాట, నచ్చితేనే. ముహూర్తం జాకెట్టు ఎవరికిచ్చావో ఉత్తరంలో రాయలేదు. తాళి కట్టేటప్పుడు ఒంటి మీద ఉండేది అదే కదా. అది ఇంకా కుట్టకపోతే చిన్నమ్మకియ్యి. పట్టు జాకెట్టు ఆమె కళ్లు మూసుకుని కుడుతుంది. కూలి కూడా ఇవ్వు, బయటివాళ్లకిచ్చినంత. బంధువులమని ఇన్నేళ్లు ఆమెకు ఎవరెవరు ఎగ్గొట్టారో నాకు తెలియదు గానీ, మా అమ్మకు ఎగ్గొట్టినవాళ్లు నాకు గుర్తున్నారు.

ఎవరు కుట్టినా, చివరి కొలత పెళ్లికి ఐదు రోజుల ముందు చూసుకో. హుక్కులే ఉంచితే, అవి పట్టుకునే కాజాలు అర అంగుళం ఎడంతో రెండు వరసలు వేయించు. నెలసరి దగ్గరపడితే ఒళ్లు ఉబ్బుతుంది, రెండో వరస అప్పటికి. వేసుకుని అద్దం ముందు నిలబడితే చాలదు. దండ వేస్తున్నట్టు రెండు చేతులూ పైకెత్తు, పెద్దవాళ్ల కాళ్లకు దండం పెడుతున్నట్టు వంగు, కూర్చుని గట్టిగా ఊపిరి తీసుకో. ఇస్త్రీ తిరగేసి, పైన గుడ్డ పరిచి చేయమను. పెట్టె చమ్కీ మీద నేరుగా పెడితే ముడుచుకుపోతుంది.

ఈ రాత్రికి సంగటి చేయమని అమ్మతో చెప్పు. కడుపునిండా తిను. తిన్న తర్వాత, తొమ్మిది దాటకముందే, అత్తగారికి ఫోన్ చెయ్యి.